బోర్డు లేదా? అయితే గోడౌన్ పట్రండి!

కిరాణా కొట్టు కాటా మీద తూనికలు కొలతల శాఖ ముద్ర ఉండాలి. ముద్ర గడువు దాటితే కేసు. కాటా తేడా తూగితే కేసు. పెట్రోలు బంకు గొట్టానికీ, బంగారం షాపు త్రాసుకీ ఇదే రూలు. బాగుంది. తూకం తప్పితే మోసపోయేది మనమే కాబట్టి ఈ విషయంలో సర్కారు ఎంత గట్టిగా ఉంటే మనకి అంత మంచిది.

సర్కారు దగ్గరా ఒక కాటా ఉంది. వ్యాపారి తప్పు చేశాడని సరుకు పట్టుకున్నాక, ఆ తప్పుకి ఎంత సరుకు జప్తు చేయాలో తూచే కాటా. దానికి ఇంతవరకూ ఎవరూ ముద్ర వేయలేదు. వేద్దామన్నా కుదరదు, ఎందుకంటే దాని పక్కన ఉన్నది ఒకే ఒక్క రాయి. కిలో రాయి లేదు, అరకిలో లేదు, పావు అసలే లేదు. ఉన్న ఆ ఒక్క రాయి మీద "మొత్తం" అని చెక్కి ఉంటుంది.

నేను వ్యాపారుల తరఫున వకాల్తా పుచ్చుకున్నానని అనుకునేరు. 2015లో కందిపప్పు కిలో రెండొందలకి ఎగబాకినప్పుడు సాంబారులో పప్పు కోసం గరిటెతో వెతుక్కున్న కోట్లాది మందిలో నేనూ ఒకణ్ణి. సరుకు దాచి ధర పెంచినవాడి గోడౌన్ తాళం పగలగొడుతుంటే చప్పట్లు కొట్టే వరసలో ముందు నిలబడతాను. నా గొడవ తాళం పగలగొట్టడం గురించి కాదు. పగలగొట్టాక లోపల జరిగే లెక్క గురించి.

1955 నాటి నిత్యావసర సరుకుల చట్టంలో 6ఏ అనే సెక్షన్ ఉంది. 1966లో చేర్చారు. మార్కెట్ యార్డులో దాని పేరు తెలియని మనిషి ఉండడు. చట్టం పూర్తి పేరు అడిగితే హమాలీ నుంచి కమీషన్ ఏజెంటు దాకా తలగోక్కుంటారు గానీ, "ఫలానా వాళ్ళ మీద 6ఏ రాశారట" అంటే చాలు, టీ గ్లాసు పట్టుకున్న చెయ్యి అక్కడే ఆగిపోతుంది. ఈ చట్టం కింద వచ్చిన కంట్రోల్ ఆర్డర్ ఏదైనా ఉల్లంఘించారని సరుకు పట్టుకుంటే, ఆ సరుకు జప్తు చేసే అధికారం ఈ సెక్షన్ జిల్లా కలెక్టరుకి ఇచ్చింది. ఆంధ్రప్రదేశ్ జిల్లాల్లో ఆ పని సాధారణంగా జాయింట్ కలెక్టరు చూస్తారు. జనం దాన్ని జేసీ కోర్టు అంటారు. అక్కడ జడ్జీ ఉండడు, బోను ఉండదు. ఫైలు, వాయిదా, బయట బెంచీ మీద ఎదురుచూపు మాత్రం నిఖార్సైన కోర్టువే.

సెక్షన్ చదివితే ముచ్చటేస్తుంది. పట్టుకున్న సరుకు జప్తు చేయవచ్చు. సరుకు నింపిన గోనె సంచి జప్తు చేయవచ్చు. మోసుకెళ్ళే లారీ జప్తు చేయవచ్చు. పశువునీ జప్తు చేయవచ్చు. అవును, పశువే. బండి లాగిన ఎద్దు ఏ కంట్రోల్ ఆర్డర్ ఉల్లంఘించిందో, ఏ స్టాకు రిజిస్టరులో ఎంట్రీ వేయడం మర్చిపోయిందో నాకు తెలియదు. కాడి కింద మెడ పెట్టినందుకు అది కూడా సర్కారు ఖాతాలో జమ కావచ్చు.

అలాగని చట్టం రాసినవాళ్ళకి తూకం తెలియదని కాదు. రైతు తన పొలంలో పండించుకున్న తిండిగింజలూ నూనెగింజలూ అతని దగ్గర పట్టుకుంటే ఈ సెక్షన్ కింద జప్తు చేయకూడదని అందులోనే రాశారు. జప్తుకి ముందు కారణాలు చెబుతూ యజమానికి నోటీసు ఇవ్వాలన్నారు, అతని మాట వినాలన్నారు. త్వరగా పాడయ్యే సరుకైతే అమ్మేసి డబ్బు భద్రపరచమన్నారు. అన్నిటికంటే ముఖ్యంగా, జప్తు చేసి తీరాలని ఎక్కడా అనలేదు. చేయవచ్చు అన్నారంతే. ఎంత చేయాలో తప్పుని బట్టి మీరే తేల్చుకోండి అని అధికారి విజ్ఞతకి వదిలారు. అధికారి విజ్ఞత ఆ పక్కనే ఉన్న రాయి తీసుకుంది.

ఒక తనిఖీ ఊహించుకోండి. ఆగస్టు నెల, ముసురు పట్టిన మధ్యాహ్నం. మార్కెట్ వెనక సందులో జీపు ఆగింది. దిగినవాళ్ళు నలుగురు, చేతిలో ప్యాడ్డు, మెడలో ఐడీ కార్డు.

"స్టాకు బోర్డు ఏదయ్యా?"

"ఉంది సార్. వానకి తడుస్తోందని లోపల పెట్టా."

"దీని మీద నిన్నటి తారీఖు ఉందేంటి?"

"ఇయ్యాల్టిది ఇంకా రాయలేదు సార్. పొద్దుట్నించీ లోడు దించుతానే ఉన్నాం."

"పుస్తకంలో పప్పు రెండొందల బస్తాలు. ఇక్కడ లెక్కేస్తే రెండొందల మూడు."

"మూడు బస్తాలు పొద్దున రిటన్ వచ్చినయి సార్. పురుగుందని హోటల్ పార్టీ వెనక్కి పంపింది. గుమాస్తా రాగానే ఎంట్రీ వేయిస్తా."

"వేయలేదు కదా?"

"వేయలేదు సార్."

"రాసుకో" అన్నాడు పెద్ద ఆఫీసరు చిన్న ఆఫీసరుతో. చిన్న ఆఫీసరు రాశాడు. పంచనామాకి ఇద్దరు పెద్దమనుషులు కావాలంటే ఎదురుగా టీ కొట్టు కుర్రాడినీ, బస్తా మీద కునుకు తీస్తున్న హమాలీనీ పిలిచారు. ఒకడు సంతకం పెట్టాడు, ఒకడు వేలిముద్ర వేశాడు. పట్టుకున్న సరుకు: రెండొందల మూడు బస్తాలు.

మర్నాడు పేపర్లో జిల్లా పేజీ మీద బస్తాల వెనక ఆఫీసర్లు వరసగా నిలబడ్డ ఫొటో. "అక్రమ నిల్వల గుట్టు రట్టు". విలువ లక్షల్లో. తేడా ఎన్ని బస్తాలు అన్న సంగతి ఆ వార్తలో ఎక్కడా ఉండదు. ఉంటే అది వార్త ఎలా అవుతుంది?

మూడు బస్తాల తేడాకి రెండొందల మూడు ఎందుకు పట్టుకున్నారని అడిగి చూడండి. సమాధానం తర్కశాస్త్రానికే తలమానికం. అన్ని బస్తాలూ ఒకేలా ఉన్నాయి, వాటిలో ఆ మూడూ ఏవో ఎలా తెలుస్తుంది? తెలియదు కాబట్టి అన్నీ అనుమానితులే. పైగా ఒకే కప్పు కింద, ఒకదాని మీద ఒకటి పడుకుని, ఇన్నాళ్ళు కలిసి ఉన్నాయి. మూడు దొంగలైతే మిగతా రెండొందలూ తోడుదొంగలు. బస్తా నోరు తెరిచి చెప్పుకోలేదు, ఎందుకంటే దాని నోరు పురికొసతో కుట్టేసి ఉంటుంది.

ఈ తర్కం చెల్లదని సుప్రీంకోర్టు 1994 సెప్టెంబరు 6న చెప్పింది. చెప్పించిన ఘనత మన తెలుగు నేలదే. ఎన్. నాగేంద్రరావు అండ్ కంపెనీ వర్సెస్ స్టేట్ ఆఫ్ ఆంధ్రప్రదేశ్. లా కాలేజీల్లో పరీక్షకి తప్పకుండా చదివించే కేసు. పరీక్ష పాసయ్యాక తప్పకుండా మర్చిపోయే కేసు కూడా.

సంగతి ఇది. ఎరువులూ తిండిగింజలూ లైసెన్సు మీద అమ్ముకునే వ్యాపారి. 1975 ఆగస్టు. ఎమర్జెన్సీ నడుస్తోంది, దేశమంతా క్రమశిక్షణ పొంగి పొర్లుతోంది. విజిలెన్సు పోలీసులు వచ్చి ఎరువులు పట్టుకున్నారు, గింజలు పట్టుకున్నారు, ఊపులో నిత్యావసరాల జాబితాలో లేని సరుకు కూడా పట్టుకున్నారు. ఆ నెలాఖరుకి రెవెన్యూ అధికారి ఒక మంచి ఆర్డరు వేశారు: ఎరువులు వ్యవసాయ శాఖ అధికారికి అప్పగించండి, అవసరమున్న రైతులకి పంచేయండి. వరి పైరుకి పైపాటు ఎరువు వేసే రోజులు. ఇంతకంటే సమయోచితమైన ఆర్డరు ఉండదు.

వ్యవసాయాధికారి ఎరువులు పుచ్చుకున్నాడు. పంచలేదు. ఒక్క రైతుకీ ఇవ్వలేదు. అలా ఉంచాడు.

ఎరువుకి వానాకాలంలో ఏమవుతుందో పల్లెటూరి పిల్లాడిని అడిగినా చెబుతాడు. తేమ పీలుస్తుంది, గడ్డ కడుతుంది, కారిపోతుంది. సెప్టెంబరులో వ్యాపారి రెండుసార్లు అర్జీ పెట్టుకున్నాడు, ఒకటి రెవెన్యూ అధికారికి, ఒకటి వ్యవసాయాధికారికి. అయ్యా, సరుకు పాడైపోతోంది. గిరాకీ ఉన్న ఊళ్ళకి పంపండి, లేదంటే నాకివ్వండి, అమ్మి డబ్బు మీకే కడతాను. దీనికంటే వినయంగా ఎవరైనా అడగగలరా? ఒక అర్జీకి ఉత్తర్వు లేదు, రెండో అర్జీకి ఉలుకూ పలుకూ లేదు. మరుసటి ఏడాది నడిమికి 6ఏ విచారణ ముగిసి ఎరువులు విడుదల చేయమన్నాక, తెచ్చుకుందామని వెళ్తే నాణ్యత పోయింది, తూకమూ పోయింది. రైతుకి దక్కలేదు, వ్యాపారికి దక్కలేదు, ప్రభుత్వానికీ దక్కలేదు. తేమకి దక్కింది.

నష్టం లక్ష రూపాయల పైచిలుకు. కింది కోర్టు ఇమ్మంది. హైకోర్టు అక్కర్లేదంది. ఎందుకక్కర్లేదంటే 1947 నాటి మీరట్ బంగారం కథ చెప్పాలి.

1947 సెప్టెంబరులో అమృత్‌సర్ నగల వ్యాపారి ఒకాయన సరుకు అమ్ముకుందామని మీరట్ వెళ్ళాడు. పోలీసులు అనుమానించి నూరు తులాలు దాటిన బంగారం, మణుగుల లెక్కన వెండి పట్టుకున్నారు. మర్నాడు మనిషిని వదిలారు. వెండి తిరిగిచ్చారు. బంగారం ఏదంటే, అది చూసుకునే హెడ్ కానిస్టేబులు దాంతో సహా పాకిస్తాన్ వెళ్ళిపోయాడు. కొత్తగా పుట్టిన దేశానికి మనవాళ్ళు ఇచ్చిన తొలి కానుకల్లో అదొకటి. వ్యాపారి దావా వేశాడు. కేసు సుప్రీంకోర్టు దాకా వెళ్ళి 1960లలో తేలింది. సరుకు పట్టుకోవడం సార్వభౌమాధికారపు పని, ఆ పనిలో ఉద్యోగి చేసిన నిర్లక్ష్యానికి రాజ్యం బాధ్యత వహించదు. కోర్టుకే మనసొప్పక, ఈ విషయంలో చట్టం తెస్తే బాగుంటుందని సూచించింది కూడా. ఆ చట్టం ఇప్పటికీ దారిలోనే ఉంది.

అంటే పట్టుకునేటప్పుడు రాజ్యం సార్వభౌముడు. పోగొట్టినప్పుడు కూడా సార్వభౌముడే. ఎరువు గడ్డకట్టినా అందులో సార్వభౌమాధికారమే గడ్డకట్టిందని మన హైకోర్టు ఆ తీర్పు పట్టుకుని నమ్మింది.

1994లో జస్టిస్ ఆర్.ఎం. సహాయ్ రాసిన తీర్పు ఈ గడ్డని పగలగొట్టింది. రాజ్యం సార్వభౌమత్వం పేరు చెప్పి ప్రజల ఆస్తితో ఆటలాడుకోవడం నాగరిక వ్యవస్థలో కుదరదని, నిర్లక్ష్యానికి నష్టపరిహారం కట్టాల్సిందేనని తేల్చింది. ఈ భాగం అందరికీ తెలుసు. అదే తీర్పులో అంతగా ఎవరూ ఎత్తిచూపని ఇంకో మాట ఉంది. 6ఏ కింద సరుకు ఎంత జప్తు చేయాలన్నది ఎన్ని బస్తాలు దొరికాయన్న దాన్ని బట్టి కాదు, ఏ తప్పు చేశాడు, అది ఎంత తీవ్రమైనది అన్న దాన్ని బట్టి తేల్చాలి. బ్లాకులో అమ్మేవాడినీ, కల్తీ చేసేవాడినీ, ధరల పట్టిక పెట్టనివాడితోనో స్టాకులో చిన్న తేడా ఉన్నవాడితోనో ఒకే గాటన కట్టకూడదు. అచ్చంగా మన తడిసిన బోర్డు కేసు, మన మూడు బస్తాల కేసు. తీర్పు వచ్చి మూడు దశాబ్దాలు దాటింది. సరుకు పట్టుకున్న నాటి నుంచి ఆ తీర్పు రావడానికి పందొమ్మిదేళ్ళు పట్టింది కాబట్టి, తీర్పు ఆఫీసు మెట్లెక్కడానికి ఇంకాస్త వ్యవధి ఇవ్వాలేమో.

ఇక్కడ ఒక చిన్న మాట. 6ఏ లో పట్టుబడ్డ సరుకు విడిపించే అధికారం మామూలు కోర్టులకి లేదు. 6ఈ అనే ఇంకో సెక్షన్ ఆ తలుపు వేసేసింది. కాబట్టి వ్యాపారి మేజిస్ట్రేటు దగ్గరికి పరిగెత్తితే "జేసీ గారి దగ్గరికి వెళ్ళు నాయనా" అంటారు. జేసీ గారు ఆ రోజు రివ్యూ మీటింగులో ఉంటారు. మర్నాడు వరద సహాయం, ఆ మర్నాడు ధాన్యం కొనుగోళ్ళు, ఆ పైవారం మంత్రిగారి పర్యటన. ఇందులో ఆయన తప్పు లేదు, పాపం, ఒక మనిషి ఎన్ని కుర్చీల్లో కూర్చుంటాడు? కానీ పప్పుకి పురుగు పట్టడానికి మంత్రిగారి పర్యటన ముగిసేదాకా ఆగే అలవాటు లేదు. తీర్పు రాకముందే శిక్ష అమలైపోతుంది. ఆనక ఆర్డరు తప్పని తేలి సరుకు తిరిగివ్వలేకపోతే వెలకట్టి, తగిన వడ్డీతో సహా ఇవ్వాలని చట్టంలో ఉంది. ఆ డబ్బు మీదీ నాదీ. పురుగు తిన్న పప్పుకి మనం కొత్త పప్పు ధర కడతాం. పప్పు మాత్రం మన ఇంటికి రాదు.

లారీల సంగతి సరే. ఏ ఊరి పోలీసు స్టేషన్ ఆవరణ చూసినా తెలుస్తుంది. టైర్లు నేలలో దిగి, సీట్లలోంచి జిల్లేడు మొక్కలు మొలిచి ఉంటాయి. వాహనాలని అలా ఏళ్ళ తరబడి ఉంచొద్దు, పదిహేను రోజుల నుంచి నెలలోగా ఏదో ఒకటి తేల్చండని సుప్రీంకోర్టు 2002లోనే చెప్పింది. జిల్లేళ్ళు ఆ తీర్పు చదవలేదు.

2017లో వచ్చిన జీఎస్టీ ఈ పాత జబ్బుని కంప్యూటర్ మీదికి ఎక్కించింది. హైదరాబాదులో 2020 జనవరి 4, శనివారం. సత్యం శివం పేపర్స్ అనే కంపెనీ కాగితం ఆటో ట్రాలీలో బయల్దేరింది. ఈ-వే బిల్లు గడువు ఒక్కరోజు. దారిలో ఊరేగింపు, రోడ్లు బంద్. ఆటోవాడు ఏం చేస్తాడు? బండి ఇంటికి తీసుకుపోయాడు. ఆదివారం సెలవు. సోమవారం సరుకు ఇవ్వబోతుంటే పన్నుల అధికారి ఆపారు. బిల్లు గడువు దాటింది కాబట్టి పన్ను ఎగ్గొట్టే ఉద్దేశం ఉందన్నారు. పన్ను, పెనాల్టీ కలిపి 69,000 రూపాయలు కట్టించుకున్నారు.

పట్టుకున్న కాగితం ఎక్కడ పెట్టారు? సర్కారు గోడౌన్‌లో కాదు, పోలీస్ స్టేషన్‌లో కాదు. ఆ అధికారి గారి చుట్టాలింట్లో. సత్యమూ శివమూ ఆటోలో బయల్దేరితే, సుందరం చుట్టాలింట్లో దిగింది.

తెలంగాణ హైకోర్టు 2021 జూన్‌లో మండిపడింది. కట్టించుకున్న 69,000 వడ్డీతో వెనక్కివ్వమని, పైన పదివేలు ఖర్చుల కింద ఇవ్వమని చెప్పింది. అంతటితో ఊరుకుంటే సార్వభౌముడెలా అవుతాడు? సర్కారు సుప్రీంకోర్టుకెక్కింది. 2022 జనవరి 12న సుప్రీంకోర్టు అప్పీలు కొట్టేసి, హైకోర్టు వేసిన పదివేలు మరీ తక్కువగా ఉందని, ఇంకో 59,000 కలిపింది. కలిపితే ఎంత? సరిగ్గా 69,000. ఈ దేశంలో శిక్ష సరితూగేలా వేయడం ఎలాగో చూడాలనుకునేవాళ్ళు ఆ కూడిక చూడాలి. వ్యాపారి దగ్గర అన్యాయంగా లాగిన మొత్తానికి రూపాయి ఎక్కువ లేదు, రూపాయి తక్కువ లేదు.

కొలవడం సర్కారుకి చేతకాదని కాదు సుమా. అదే జీఎస్టీలో 2018 సెప్టెంబరులో ఒక సర్క్యులర్ వచ్చింది. ఈ-వే బిల్లులో పేరు స్పెల్లింగు తప్పు పడినా, పిన్‌కోడ్ తప్పినా, బండి నంబరులో ఒకటి రెండు అంకెలు తారుమారైనా సరుకు ఆపి భారీ పెనాల్టీలు వేయొద్దు, కేంద్రం కింద ఐదొందలు, రాష్ట్రం కింద ఐదొందలు కట్టించుకుని పంపేయండని చెప్పారు. చిన్న తప్పుకి చిన్న రాయి! అంటే కొలిమి ఉంది, కమ్మరి ఉన్నాడు, రాయి పోత పోయడం వచ్చు. పోయాలన్న ఆర్డరే అరుదు.

ఇంకా పెద్ద రుజువు కావాలంటే కాకినాడ రేవుకి రండి. 2024 నవంబరు 29న ఉప ముఖ్యమంత్రి పవన్ కల్యాణ్ అక్కడ నిలబడి "సీజ్ ది షిప్" అంటే రాష్ట్రమంతా ఆ వీడియో చూసింది. స్టెల్లా ఎల్ అనే ఓడ, పశ్చిమ ఆఫ్రికాకి బియ్యం. పేదవాడి రేషన్ బియ్యం సముద్రం దాటుతోందన్న కోపం న్యాయమైనదే. తర్వాత ఏం చేశారు? అధికారులు ఓడలోకి దిగారు. శాంపిళ్ళు తీశారు. ఏ బియ్యం రేషనుది, ఏది కాదని తేల్చారు. 1,320 టన్నులు రేషన్ బియ్యమని కలెక్టరు ప్రకటించారు. అంతవరకూ దించేసుకున్నాక కొత్త సంవత్సరంలో ఓడ వెళ్ళిపోయింది.

చూశారా! వేల టన్నుల బియ్యం పోసిన ఓడలో దొంగ గింజ ఏదో దొర గింజ ఏదో వేరు చేయగలిగారు. ఓడని తోడుదొంగ అనలేదు. సముద్రాన్ని జప్తు చేయలేదు. ఇంత శాస్త్రీయంగా భాగించడం తెలిసిన యంత్రాంగానికి, మార్కెట్ వెనక సందులో రెండొందల మూడులోంచి మూడు తీసేయడం ఎందుకు కష్టమవుతోంది? రెండో తరగతి తీసివేత. బహుశా ఓడకి ఏజెంట్లుంటారు, లాయర్లుంటారు, రోజుకింత అని డెమరేజీ మీటరు తిరుగుతుంటుంది. సందులో సేటుకి గుమాస్తా ఒక్కడే ఉంటాడు, వాడూ ఆ రోజు ఆలస్యంగా వస్తాడు.

సేటు కంటే కిందికి వెళ్తే కథ ఇంకా చురుగ్గా నడుస్తుంది. అరటిపళ్ళ తోపుడు బండి మున్సిపల్ లారీ ఎక్కుతుంది. 2014 నాటి వీధి విక్రయదారుల చట్టం ప్రకారం పాడయ్యే సరుకైతే అడిగిన రోజే వెనక్కివ్వాలి, పాడవని సరుకైతే రెండు పనిదినాల్లో ఇవ్వాలి. జరిమానా ఎంత వేసినా రెండు వేలు దాటకూడదు. ఆ లారీ వెనక పరిగెత్తే అక్కకి ఈ సెక్షన్లు తెలియవు. తెలిసినా మర్నాటికి గెలలు నల్లబడతాయి. బండి చక్రం విరిగి ఉంటుంది. జరిమానాకి రెండు వేల గరిష్ఠ పరిమితి పెట్టిన చట్టం, విరిగిన చక్రానికి ఏ పరిమితీ పెట్టలేదు.

ఈపాటికి ఎవరో ఒకరు లేచి అడుగుతారు: "అయితే బ్లాక్ మార్కెట్ వాళ్ళని వదిలేయమంటారా?" అయ్యా, వాళ్ళ కోసమే ఈ గోల. తడిసిన బోర్డుకీ మొత్తం జప్తే, సరుకు బోర్డరు దాటించినా మొత్తం జప్తే అయితే, తెలివైన దొంగ ఏం లెక్కేసుకుంటాడు? ఎలాగూ పోయేది మొత్తమే కదా, పెద్ద తప్పే చేద్దాం, లాభమన్నా మిగులుతుంది. చిన్న తప్పుకి పెద్ద శిక్ష వేస్తే నిజాయితీపరుడు భయపడతాడు, దొంగకి మాత్రం తెగింపు వస్తుంది. ఆ "మొత్తం" రాయి దొంగ నెత్తిన పడేది కాదు. వాడు చేసిన దొంగతనానికి రాయితీ.

రాయితీ కంటే పెద్ద గుట్టు ఇంకొకటుంది. ఎవరినీ ఉద్దేశించి అనడం లేదు, లెక్క చెబుతున్నానంతే. మూడు బస్తాల తప్పుకి మూడు బస్తాలే పోతాయని వ్యాపారికి ఖాయంగా తెలిస్తే, "ఏదోలా చూసుకుందాం సార్" అనే మాట వాడి నోట రాదు. మూడు బస్తాలు ఇచ్చేసి ఇంటికిపోయి అన్నం తింటాడు. రెండొందల మూడూ పోతాయని భయపెడితే, మధ్యలో రెండొందల బస్తాల ఖాళీ జాగా ఏర్పడుతుంది. ఆ జాగాలో బేరం పుడుతుంది. జప్తు ఎంత పెద్దదైతే బేరం అంత పెద్దది. ఇందులో ఖజానాకి వచ్చేది పంచనామా కాగితం. కాబట్టి ఆ ఒక్క రాయి ఎందుకు మారడం లేదని అమాయకంగా అడగకండి. మారితే ఎవరికి నష్టమో చూసుకోండి, జవాబు దొరుకుతుంది.

"మరి చట్టం అమలు చేయొద్దా?" అంటారు ఇంకొకరు. చేయండి. ఇంకా బాగా చేయండి. స్టాకు పుస్తకం రాయనివాడికి జరిమానా వేయండి. రెండోసారి రాయకపోతే లైసెన్సు కొన్నాళ్ళు ఆపండి. మూడు బస్తాలకి లెక్క చూపలేకపోతే మూడు బస్తాలు తీసుకుని హాస్టలు పిల్లలకి వండి పెట్టండి, పురుగున్నవి కాకపోతే. దాచి, ధర పెంచి, రైతుకి సగం ఇచ్చి మనకి రెట్టింపుకి అమ్మినవాడు దొరికితే, అప్పుడు మాత్రం ఆ "మొత్తం" రాయి తీయండి. బస్తాలు, లారీ, గోనె సంచులు, అన్నీ. చప్పట్లు కొట్టడానికి నేనొస్తాను. ఎద్దుని మాత్రం వదిలేయండి.

జేసీ గారూ, మీ బల్ల మీద ఇప్పుడో 6ఏ ఫైలు ఉండే ఉంటుంది. సంతకం పెట్టేముందు ఒక్క పేరా మీ చేత్తో రాయండి: ఆ మనిషి చేసిన తప్పేమిటి, అది ఎంత సరుకులో జరిగింది, ఎంత జప్తు చేస్తున్నారు, అంతే ఎందుకు. మూడు బస్తాలైతే మూడని రాయండి. ఆ పేరాలోని లెక్క తేల్చమనే సుప్రీంకోర్టు 1994లో చెప్పింది. మిగతా రెండొందల బస్తాలూ ఈ వారంలోనే విడుదల చేయండి. మీ గోడౌన్ కప్పు కారుతోంది.